చివరి వాయిదాకి ముహూర్తం

ప్రశ్న అడిగినవాడి చేతిలో ఏదో ఒక పని పెట్టడం యజ్ఞనారాయణ సిద్ధాంతి గారి అలవాటు. గ్రహణం ఎలా పడుతుందని అడిగిన ఒక విద్యార్థి చేత పూటంతా ఎండలో గొడుగు పట్టించి నీడ కొలిపించారు. జాతకాల పొంతన చూడడంలో అర్థముందా అని నిలదీసిన ఒక డాక్టరు గారి చేత పాతబియ్యం, కొత్తబియ్యం ఒకే గిన్నెలో పోసి వండించారు. సగం పలుకు, సగం ముద్ద అయిన ఆ అన్నమే ఇద్దరూ భోజనంలో తిన్నారు. డాక్టరు గారు మళ్ళీ రాలేదు గానీ ఆ ప్రశ్న కూడా ఇంకెక్కడా వేయలేదని విన్నాను. సిద్ధాంతి గారికి వాదించడం చేతకాక కాదు. వాదన అయ్యాక గెలిచినవాడికి గర్వం, ఓడినవాడికి కోపం మిగులుతాయి, అడిగిన సంగతి మాత్రం అడిగిన చోటే ఉండిపోతుందని ఆయన అభిప్రాయం.

రేపల్లెలో ఆయన గణించే పంచాంగం చాలా ఏళ్ళుగా నా ప్రెస్సులోనే అచ్చవుతోంది. అందుచేత ఇలాంటి పాఠాలు ఆయన అరుగు మీద కూర్చుని కాఫీ తాగుతూ ఎన్నో చూశాను. చూసి నవ్వుకుని ఇంటికి వెళ్ళేవాణ్ణి. ఇప్పుడు చెప్పబోయే పాఠంలో మాత్రం నా రెండు అరచేతులూ బొబ్బలెక్కాయి. కాబట్టి దీన్ని చెప్పే హక్కు నాకు మిగతావాళ్ళకంటే కాస్త ఎక్కువే ఉందనుకుంటున్నాను.

పరాభవ నామ సంవత్సరం, వైశాఖమాసం. ఆదివారం ఉదయం, వచ్చే ఏటి పంచాంగానికి కాగితం ధర మాట్లాడదామని వెళ్ళాను. కాసేపటికి తెనాలి పాసింజరు దిగి ఫణీంద్ర వచ్చాడు. సిద్ధాంతి గారి దగ్గర గణితం నేర్చుకోవడానికి చాలామంది వచ్చారు, చాలామంది మానేశారు. పంచాంగం అంటే చేతులు చూసి జాతకం చెప్పడమనుకుని వచ్చినవాళ్ళు తిథుల లెక్క చూడగానే చల్లగా జారుకునేవారు. నాలుగేళ్ళుగా ఆదివారం తప్పకుండా వస్తున్నవాడు ఈ ఫణీంద్ర ఒక్కడే. తెనాలిలో ఒక ప్రైవేటు జూనియర్ కాలేజీలో లెక్కల లెక్చరరు. ముప్పై నాలుగేళ్ళవాడు, నెమ్మదస్తుడు, గవ్వలు పరిచి లెక్క వేయడంలో గురువుగారి వేగాన్ని దాదాపు అందుకున్నవాడు. పెద్దాయనకి డెబ్బై దాటాయి. తన తర్వాత ఈ పంచాంగం ఎవరు గణిస్తారంటే ఆయన నోటితో చెప్పరు గానీ, ఫణీంద్ర ఎక్కే బండి ఆలస్యమైన రోజున వీధి గుమ్మం వైపు ఎన్నిసార్లు చూసేవారో నాకు తెలుసు.

ఆ రోజు ఫణీంద్ర పలకా గవ్వలూ తీయలేదు. గురువుగారి పాదాలకి దండం పెట్టి, అరుగు చివర కూర్చుని, ముహూర్తం కావాలన్నాడు.

"దేనికి?" అన్నారు సిద్ధాంతి గారు.

"ఇల్లు కొంటున్నామండీ. బ్యాంకు అప్పు మంజూరైంది. సంతకాలకి ఈ వారంలో మంచి రోజు చూడమని హైమ కూడా చెప్పింది."

హైమ అతని భార్య. సిద్ధాంతి గారు సంతోషించారు. నిజంగానే సంతోషించారు. అద్దె ఇళ్ళలో పన్నెండు సార్లు సామాను మార్చిన మనిషి ఆయన, సొంత ఇంటి విలువ ఆయనకి ఎవరూ చెప్పనక్కర్లేదు. ఏ ఇల్లు, ఎక్కడ, ఎన్ని గదులు అని వివరంగా అడిగారు. తెనాలిలో కొత్తగా కట్టిన అపార్టుమెంటులో మూడు పడకగదుల ఫ్లాటు అని ఫణీంద్ర చెప్పాడు. ఒక గది తమకి, ఒకటి పాపకి, మూడోది తన పంచాంగాలకీ గ్రంథాలకీ అన్నాడు. ఆ మూడో గది సంగతి చెప్పేటప్పుడు అతని ముఖంలో చిన్నపిల్లాడి వెలుగు కనిపించింది. చేతిలో ఉన్న పది లక్షలు పోగా బ్యాంకు ముప్పై లక్షలు ఇస్తోందట. నెలకి ఇరవై మూడు వేల వాయిదా.

"బ్యాంకాయన చాలా మంచివాడండీ. ఇరవై ఏళ్ళకి పెడితే వాయిదా ఎక్కువవుతుంది, ముప్పై ఏళ్ళకి పెట్టుకోండి సార్, భారం తెలియకుండా కట్టేయచ్చు అన్నాడు. కడుతున్న అద్దెకి ఇంకాస్త కలిపితే చాలు. కాకపోతే…"

అక్కడ ఆగాడు. సిద్ధాంతి గారు అతనికేసి చూస్తూ కూర్చున్నారు. ఆయన అలా చూస్తే ఎవరైనా మిగతాది చెప్పేస్తారు.

"కాకపోతే రిజిస్ట్రేషనూ, కప్‌బోర్డులూ, నెలనెలా మెయింటెనెన్సూ ఉన్నాయి కదండీ. వాటికోసం ఆదివారాలు ఒక కోచింగ్ సెంటర్లో బ్యాచ్ ఒప్పుకున్నాను. కొన్నాళ్ళు రావడం కుదరదు గురువుగారూ. కాస్త కుదుటపడగానే మళ్ళీ వస్తాను."

నేను చేతిలోని కాగితం ధరల చీటీ మడిచి జేబులో పెట్టుకున్నాను. పెద్దాయన ముఖం మాత్రం మారలేదు. పంచాంగం తీయకుండానే అడిగారు.

"మొదలుపెట్టే ముహూర్తం అడిగావు, బాగుంది. అయిపోయేది ఎప్పుడు?"

"ముప్పై ఏళ్ళకండీ."

"నా అరుగు మీద ఏళ్ళకి పేర్లున్నాయి."

ఇది ఆయన పద్ధతి. అంకెలు చెబితే ఒప్పుకోరు, ప్రతి సంవత్సరాన్నీ దాని పేరుతోనే పిలవాలి. ఫణీంద్ర వేళ్ళ కణుపుల మీద లెక్కపెట్టడం మొదలుపెట్టాడు. ప్లవంగ, కీలక, సౌమ్య, సాధారణ అంటూ హాయిగానే వెళ్ళాడు. ఆనంద దాటింది. రాక్షస, నల, పింగళ, కాళయుక్తి దాటాయి. సిద్ధార్థి దాటింది. తర్వాత రౌద్రి, దుర్మతి వచ్చాయి, రుధిరోద్గారి, రక్తాక్షి, క్రోధన వరసగా వచ్చాయి. ఆ పేర్లు పెట్టిన పూర్వీకుడెవరో గాని గృహరుణం తీసుకునేవాళ్ళని దృష్టిలో పెట్టుకోలేదు. అక్షయ దగ్గర అరవై సంవత్సరాల చక్రం పూర్తయిపోయింది గానీ అప్పు పూర్తి కాలేదు. మళ్ళీ ప్రభవ నుంచి మొదలుపెట్టాడు. యువ కూడా దాటిపోయి చివరికి ధాత దగ్గర ఆగాడు. ఆగి తన వేలి కణుపు వైపే చూసుకున్నాడు. ధాత నామ సంవత్సరానికి అతనికి అరవై నాలుగేళ్ళుంటాయి.

"ఊళ్ళో అందరూ అలాగే తీసుకుంటున్నారండీ," అన్నాడు.

"తీసుకోనీ. నేను వద్దన్నానా? ముహూర్తం సాయంత్రం చూద్దాం. ఇవాళ మన నూతిలో పూడిక తీయాలి. నీళ్ళు అడుగంటాయి, ఇంతకంటే మంచి రోజు దొరకదు. నువ్వు లోపలికి దిగు. ఏమోయ్ ప్రెస్సూ, నువ్వు చేంతాడు పట్టు."

నేను కాగితం ధర కోసం వచ్చానని ఎవరికీ గుర్తు లేదు. చొక్కా విప్పి దండెం మీద వేశాను.

పెరట్లో ఉన్నది వరల నుయ్యి. రెండు నిలువుల లోతు. సిద్ధాంతి గారు ముందుగా ఒక దీపం వెలిగించి తాడుతో కిందికి దించారు. లోపల గాలి మంచిదో కాదో అలా చూస్తారు, దీపం కొండెక్కితే మనిషిని దింపకూడదు. దీపం నిలబడింది. ఫణీంద్ర పంచె పైకి ఎగ్గట్టి, వరల మధ్య సందుల్లో కాళ్ళు పెట్టుకుంటూ దిగాడు. కింద నీళ్ళు మోకాళ్ళు దాటి ఉన్నాయి. దిగానండీ అన్నాడు. దిగానండీ అన్నది నుయ్యి కూడా. ఆ నూతికి మన మాట చివర పట్టుకుని మనకే తిరిగి ఇచ్చే గుణం ఉంది. సిద్ధాంతి గారి మనవలు సెలవులకి వస్తే దాని దగ్గరనుంచి కదలరు.

"చూడు నాయనా, ఒక్కసారిగా మీద వేసుకోవద్దు," అన్నారు సిద్ధాంతి గారు పైనుంచి. "భారం తెలియకుండా చేద్దాం. కాసేపు తోడదాం, కాసేపు కూర్చుందాం. మళ్ళీ కాసేపు తోడదాం."

ఫణీంద్రకి అది ఎంతో సబబుగా తోచింది. నాకూ తోచింది, తాడు లాగేది నేనే కదా.

పూడిక తీయాలంటే ముందు పైనున్న నీళ్ళు తోడేయాలి, అప్పుడుగాని అడుగున బురద చేతికి రాదు. ఫణీంద్ర బొక్కెన నింపుతున్నాడు, నేను గిలక మీదుగా లాగుతున్నాను, సిద్ధాంతి గారు అందుకుని కాలవలోకి పోస్తున్నారు. ఆ కాలవ గోడ కింద కన్నంలోంచి పక్కింటి పెరట్లోకి వెళ్తుంది. అక్కడ వాళ్ళ అరటి చెట్లున్నాయి. చాలా బొక్కెనలు లాగాక నీళ్ళు పాదాల్లోకి వచ్చాయి, బురద కనిపించింది. ఫణీంద్ర పార తీసుకుని తట్టలోకి ఎత్తాడు. రెండు తట్టల మట్టి పైకి వచ్చింది. దాన్ని ములగచెట్టు మొదట్లో పోశాం. మూడో తట్ట దించబోతుంటే సిద్ధాంతి గారు చెయ్యెత్తారు.

"చాలు. ఈ వాయిదా అయిపోయింది. పైకి రా."

కాఫీ తాగాం. పక్క ఊరి గ్రామదేవత జాతర గురించీ, ఈ ఏడు మామిడికాయ ధర గురించీ నిదానంగా మాట్లాడుకున్నాం. ఫణీంద్ర కప్‌బోర్డుల రంగుల గురించి చెప్పాడు. అరగంట పైన గడిచింది. మళ్ళీ దిగేసరికి నీళ్ళు మోకాళ్ళకి కొంచెం కింద ఉన్నాయి. రేపల్లె నేలలో ఊట ఎక్కువ. మేము కాఫీ తాగినంతసేపూ ఇసుకలోంచి, వరల సందుల్లోంచి చడీచప్పుడూ లేకుండా అది వస్తూనే ఉంది. మళ్ళీ బొక్కెన తర్వాత బొక్కెన లాగాం. మళ్ళీ బురద కనబడింది. రెండు తట్టలు, కొసరు ఇంకొక సగం. మళ్ళీ సిద్ధాంతి గారి చెయ్యి లేచింది.

"వాయిదా అయిపోయింది. పైకి రా. మజ్జిగ తాగుదాం."

మూడోసారీ అదే. నాలుగోసారీ అదే. ఎండ నడినెత్తికి వచ్చింది. ములగచెట్టు మొదట్లో కుప్ప ఒక బుట్ట బోర్లించినంత కూడా లేదు. గోడ అవతలనుంచి పక్కింటామె తల పైకెత్తి, "మా అరటి చెట్లకి ఇవాళ పండగేనండీ, మీ పుణ్యమా అని," అంది. సిద్ధాంతి గారు ఆమెకి మర్యాదగా నమస్కారం పెట్టారు. నా అరచేతులు మండుతున్నాయి. ఈ ముసలాయనకి ఎండ దెబ్బ గానీ తగల్లేదు కదా అని ఒక్కసారి అనుమానం వచ్చిందంటే అబద్ధం కాదు.

అయిదోసారి దిగిన ఫణీంద్ర కాసేపు కదలకుండా నిలబడ్డాడు. పైనుంచి అతని తల, భుజాలు, మోకాళ్ళ దాకా మెరుస్తున్న నీళ్ళు కనిపిస్తున్నాయి.

"ఏవిటోయ్, ఆగిపోయావు?" అని అడిగారు సిద్ధాంతి గారు.

"పొద్దుట్నుంచీ తోడుతున్నాం గురువుగారూ," అన్నాడు అలసిపోయిన గొంతుతో. "అసలు తగ్గలేదు."

"వినపడలేదు. ఏమన్నావు?"

ఫణీంద్ర తల పైకెత్తి గట్టిగా అన్నాడు. "అసలు తగ్గలేదు."

తగ్గలేదు, అంది నుయ్యి. లేదు, అని ఇంకొకసారి అంది.

సిద్ధాంతి గారు చేతిలో ఉన్న మజ్జిగ గ్లాసు గట్టు మీద పెట్టి, గోడ మీది కాకిని చూస్తున్నారు. కింద ఫణీంద్ర పార గోడకి ఆనించాడు. తను అన్నమాట తనకే తిరిగి వచ్చినప్పుడు మనిషి దాన్ని కొత్తగా వింటాడు కాబోలు. లెక్కల మనిషి, పిల్లలకి ఏటా అసలూ వడ్డీ పాఠం చెప్పే మనిషి. ఆ మాట రెండు రకాలుగా వినిపించడానికి అతనికి ఎంతోసేపు పట్టలేదు. నాకు మాత్రం ఇంకా తట్టలేదు, నేను తాడు గురించే ఆలోచిస్తున్నాను.

తర్వాత అతని గొంతు వేరుగా వినిపించింది.

"గురువుగారూ, ఈసారి నన్ను పైకి పిలవకండి."

"ఎందుకు?"

"మనం తోడేది మట్టి కాదండీ, మనం కూర్చున్నప్పుడు ఊరిన ఊట. దాన్ని తోడడానికే వాయిదా అంతా అయిపోతోంది. ఎంత ఎక్కువసేపు కూర్చుంటే అంత ఎక్కువ ఊరుతోంది. నీళ్ళు తోడేశాక ఇంకొక్క పావుగంట నన్ను లోపలే ఉండనివ్వండి. ఆ పావుగంటలో పైకి వచ్చేదంతా మట్టే."

"పావుగంటకి అంత తేడా ఉంటుందంటావా?"

"తేడా అంతా ఆ పావుగంటలోనే ఉందండీ."

సిద్ధాంతి గారు నా వైపు చూశారు. "ప్రెస్సూ, ఓపిక ఉందా?" లేదని చెప్పే ధైర్యం లేక తాడు అందుకున్నాను.

ఆ తర్వాత జరిగిన పని చూస్తే ఉదయమంతా మేము చేసింది ఆటలా తోచింది. నీళ్ళు తోడాం. బురద తేలగానే ఫణీంద్ర ఊపిరి తీసుకోకుండా పార ఆడించాడు. తట్ట తర్వాత తట్ట, అంతా మట్టే. ఊట మధ్యమధ్య పాదాల కిందకి చేరుతుంటే నాలుగు బొక్కెనలు తోడేసి మళ్ళీ పార పట్టాడు. పక్కింటి కాలవ ఎండిపోయింది, ములగచెట్టు మొదట్లో కుప్ప పెరిగింది. పాత చెంబు ఒకటి, పిల్లల బంతి ఒకటి, ఎప్పటిదో తెగిపోయిన గిలక ఒకటి పైకి వచ్చాయి. పొద్దు వాలకముందే అడుగున తెల్లటి ఇసుక కనిపించింది. ఫణీంద్ర పైకి వచ్చేసరికి కనుగుడ్లు తప్ప మనిషంతా నల్లగా ఉన్నాడు. నవ్వుతున్నాడు. ఉదయం బండి దిగిన మనిషి ముఖంలో లేని దిటవు ఆ నవ్వులో ఉంది.

స్నానం చేసి, సిద్ధాంతి గారి ఇల్లాలు పెట్టిన భోజనం చేసి, ఫణీంద్ర తనంతట తానే గవ్వల సంచి అందుకున్నాడు. అరుగు మీద పరిచి లెక్క మొదలుపెట్టాడు. సెల్‌ఫోనులో నొక్కితే క్షణంలో వచ్చే లెక్కే. అయినా ప్రతి మెట్టూ తన చేత్తో దాటాలనుకున్నాడేమో, గవ్వలతోనే వేశాడు. సిద్ధాంతి గారు పడక్కుర్చీలో కళ్ళు మూసుకున్నారు. నిద్రపోతున్నారనుకున్నాను.

"మొదటి నెల కట్టే ఇరవై మూడు వేలలో అసలుకి పోయేది రెండు వేలు కూడా లేదండీ," అన్నాడు ఫణీంద్ర, ఎవరికో ఏదో ఒప్పజెప్పుతున్నట్టు. "వడ్డీ ఇప్పుడున్న ఎనిమిదిన్నర శాతమే ఉంటుందనుకున్నా, పదేళ్ళు కట్టి నల నామ సంవత్సరానికి వస్తే ఇరవై ఏడు లక్షల పైన కట్టి ఉంటాను. అప్పటికి ఇంకా తీరవలసింది ఇరవై ఆరున్నర లక్షలు. ధాత దాకా వెళ్తే మొత్తం కట్టేది ఎనభై మూడు లక్షలు."

నేను ఆ అంకె విని నిటారుగా కూర్చున్నాను. బ్యాంకాయన అబద్ధం చెప్పలేదు. అతను చెప్పిన వాయిదా నిజమే, భారం తెలియదన్నదీ నిజమే. భారం తెలియకపోవడమే అందులో ఉన్న ఖరీదని అతను చెప్పలేదు, ఇతను అడగలేదు.

ఫణీంద్ర గవ్వలు చెరిపి మళ్ళీ పరిచాడు. అదే అపార్టుమెంటులో రెండు పడకగదుల ఫ్లాటు ఎనిమిది లక్షలు తక్కువ. దానికి ఇరవై రెండు లక్షల అప్పు చాలు. నెలకి కట్టేది మాత్రం తగ్గించకుండా, అదే ఇరవై మూడు వేలు, పైన మూడొందలో ఎంతో కలిపి వేశాడు. చాలాసేపు వేశాడు. ఒకసారి తప్పనుకుని మళ్ళీ మొదటినుంచి వేశాడు. తర్వాత చేతులు ఒళ్ళో పెట్టుకున్నాడు.

"పదమూడేళ్ళు," అన్నాడు. "ముప్పై లక్షలకి ముప్పై ఏళ్ళు. ఇరవై రెండు లక్షలకి పదమూడేళ్ళు. నెలకి కట్టేది ఒకటే. ఆ మూడో గదికి పదిహేడేళ్ళండీ."

అతనే ఫోను తీసి భార్యకి చేశాడు. స్పీకరు పెట్టాడు, దాచుకోవలసిన సంగతి కాదనుకున్నాడు కాబోలు. లెక్కంతా వివరంగా చెప్పాడు. అవతల కుక్కరు కూత, పాప ఏదో అడగడం వినిపించాయి.

"మూడో గది నేనడిగానా?" అంది హైమ చివరికి. "మీ పంచాంగాలకి కావాలన్నారని సరేనన్నాను. ఆదివారాలు మానేసి బ్యాచ్‌కి వెళ్తే ఇంక ఆ గదిలో కూర్చుని చదివేదెవరండీ?"

ఫణీంద్ర ఫోను అరుగు మీద పెట్టాడు. గోడవైపు తిరిగాడు. ఆ గది కోసమే ఆ చదువు మానేస్తున్నానని అప్పటిదాకా అతనికి తట్టలేదు. నాకు తట్టిందా అంటే నాకూ తట్టలేదు, అంత సూటిగా ఉన్న సంగతి ఆమె తెనాలినుంచి కుక్కరు దించుతూ చెప్పవలసి వచ్చింది.

"రెండు గదులదానికి తూర్పు బాల్కనీ ఉంది," అంది ఆమె. "అక్కడ ఒక బల్ల వేసుకుందురుగాని. కప్‌బోర్డులు కూడా ఇప్పుడే ఎందుకు, ఉన్న బీరువా చాలు. జీతంలో సర్దుకుందాం. ఆ బ్యాచ్ వాళ్ళకి రానని చెప్పేయండి. గురువుగారికి నమస్కారాలు చెప్పండి."

"దీర్ఘసుమంగళీ భవ," అన్నారు సిద్ధాంతి గారు పడక్కుర్చీలోంచి, కళ్ళు తెరవకుండానే. నిద్రపోలేదన్నమాట.

సాయంత్రం బండికి వేళయింది. ఫణీంద్ర సంచి భుజాన వేసుకుని గురువుగారి ముందు నిలబడ్డాడు. పొద్దున అడిగినప్పుడు అతని గొంతులో ఉన్న మొహమాటం ఇప్పుడు లేదు.

"ముహూర్తం చెప్పలేదు గురువుగారూ."

"సంతకానికి నా ముహూర్తం ఎందుకు? మంగళవారం వదిలేసి నీకు సెలవు దొరికిన రోజు పెట్టుకో." సిద్ధాంతి గారు లేచి కూర్చున్నారు. కుడిచేతి బొటనవేలు కణుపుల మీద నెమ్మదిగా కదిలింది. ప్లవంగ, కీలక, సౌమ్య అని పెదవులు అంటున్నాయి. ఆనంద దగ్గర కొంచెం నవ్వారు. ఇంకా ముందుకి వెళ్ళారు. "చివరి వాయిదాకి పెడతాను, రాసుకో. సిద్ధార్థి నామ సంవత్సరం, వైశాఖ శుద్ధంలో వచ్చే మొదటి ఆదివారం. ఒకటి రెండు నెలలు అటూ ఇటూ అయినా ఫరవాలేదు, రోజు మాత్రం ఆదివారమే. ఆ రోజు బండెక్కి ఇక్కడికి రావాలి."

ఫణీంద్ర ఏదో లెక్క వేసుకున్నాడని అతని కళ్ళు చెప్పాయి. అది ఇంటి లెక్క కాదు. సిద్ధార్థి నాటికి గురువుగారికి ఎన్నేళ్ళుంటాయన్న లెక్క. పెద్దాయన దాన్ని కనిపెట్టారు.

"నేనుంటే నాకు చెప్పు. లేకపోతే పెరట్లోకి వెళ్ళి నూతికి చెప్పు. ఏమని చెప్పాలో తెలుసుగా?"

"తెలుసండీ," అన్నాడు ఫణీంద్ర. "అసలు లేదు, అని చెప్తాను."

సిద్ధాంతి గారు చెప్పుల కోసం కాలితో వెతుక్కుంటూ, అతన్ని వీధి దాకా సాగనంపడానికి లేచారు.

"ఆ రోజు కూడా అది లేదు లేదనే అంటుందోయ్. తీరిగ్గా విని వెళ్ళు."